తప్పు, నేరం: ఔరా అనిపించే విశేషాలు

తప్పులన్నీ నేరాలు కావు. నేరాలన్నీ తప్పులూ కావు! నిన్నటి ఆచారం ఇవాళ జైలుకు పంపుతుంది, నిన్నటి నేరం ఇవాళ హక్కుగా మారిపోతుంది. జనం మనసు మారితే చట్టం మారుతుంది. ఒక్కోసారి చట్టమే ముందు మారి, జనం ఎప్పుడొస్తారా అని ఎదురుచూస్తుంది. నమ్మకం కలగలేదా? అయితే కాస్కోండి!

చట్టం పుస్తకంలో చిత్రాలు

మీ సొంత వస్తువును మీరే దొంగిలించి జైలుకు వెళ్లొచ్చని మీకు తెలుసా? వాచీ రిపేరుకిచ్చారు. బాగుచేసినాయన కూలి డబ్బులిస్తేనే వాచీ ఇస్తానన్నాడు. ఆయన అటు తిరగ్గానే మీరు దాన్ని చేతికి పెట్టుకుని చల్లగా జారుకున్నారు. అది దొంగతనమే! ఈ ఉదాహరణ అచ్చంగా చట్టంలోనే రాసి ఉంది. 1860 నాటి శిక్షాస్మృతి (ఐపీసీ)లోనూ ఉంది, ఇప్పటి భారతీయ న్యాయ సంహితలోనూ ఉంది. వాచీ మీదే, కేసూ మీదే!

నలుగురు కలిసి దోచుకుంటే దోపిడీ. ఐదో మనిషి తోడైతే? అది బందిపోటు! శిక్ష కూడా అమాంతం పెరుగుతుంది. అంతేకాదు, బందిపోటుకు సామాను సర్దుకుంటూ దొరికిపోయినా పదేళ్ల దాకా జైలు. పైసా దొరక్కుండానే పదేళ్లు!

ఏడేళ్లు నిండని పిల్లలు ఏం చేసినా అది నేరం కాదని మీకు తెలుసా? చట్టం దృష్టిలో ఆ వయసుకు మంచీచెడూ తెలియవు. ఏడు నుంచి పన్నెండేళ్ల వాళ్లకైతే, చేసిన పని ఏమిటో అర్థం చేసుకునే తెలివి వచ్చిందో లేదో చూస్తారు. పక్కింటి మామిడికాయలు కోసే బుడతలకు ఇంతకన్నా శుభవార్త ఉందా?

'వాడొట్టి ఫోర్ ట్వంటీ' అని ఇంకా తిడుతున్నారా? ఆపేయండి! మోసానికి 420 అని నంబరిచ్చిన ఐపీసీ 2024 జూలై 1న సెలవు తీసుకుంది. పాత చట్టంలో 511 సెక్షన్లు, కొత్త దాంట్లో 358. ఇప్పుడు 420 అనే సెక్షనే లేదు. మోసగాళ్లు మాత్రం ఎక్కడికీ పోలేదు, 318కి మకాం మార్చారంతే!

సినిమాల్లో 'సెక్షన్ 302 కింద' అనగానే హత్య అని గుండె ఝల్లుమనేది కదా? కొత్త చట్టంలో హత్యకు శిక్ష 103లో ఉంది. మరి 302? మతభావాలను గాయపరిచే మాటలకు! సంభాషణల రచయితలూ, పెన్ను సవరించుకోండి!

పోలీసు స్టేషన్లో 'నేనే చంపాను సార్' అని ఒప్పుకుంటే కథ కంచికేనా? కానే కాదు! పోలీసు అధికారి ముందు చేసిన ఒప్పుకోలు నిందితుడి మీద సాక్ష్యంగా పనికిరాదు. 1872 నాటి సాక్ష్య చట్టం నుంచీ ఇదే మాట. సగం సినిమాల క్లైమాక్సులు కోర్టులో చెల్లవు!

పది రూపాయల నేరాలు

తాగి రోడ్డు మీద వీరంగం వేస్తే పాత ఐపీసీలో జరిమానా ఎంతో తెలుసా? పది రూపాయలు! కావాలంటే 24 గంటల జైలు కూడా. 160 ఏళ్లకు పైగా ఆ పది పదిలాగే ఉండిపోయింది. కొత్త చట్టం దాన్ని వెయ్యి చేసింది, సమాజ సేవ అనే కొత్త శిక్షనూ చేర్చింది. రాత్రి ఊగినవాడు పగలు ఊడ్చే రోజులొచ్చాయి!

జంతువును హింసిస్తే మొదటిసారి జరిమానా ఎంతో చెప్పగలరా? 1960 నాటి చట్టం ప్రకారం 10 రూపాయల నుంచి 50 రూపాయలు! సంక్రాంతికి గోదావరి జిల్లాల్లో కోళ్ల కాళ్లకు కత్తులు కట్టి లక్షలు కాస్తారు. పందెం లక్షల్లో, జరిమానా కోడిగుడ్ల ఖరీదులో. పాపం, కోడి ప్రాణానికి విలువ కట్టినవాళ్లెవరో!

పొలం దున్నుతుంటే లంకెబిందెలు దొరికాయా? గంతులేయకండి! 1878 నాటి నిధుల చట్టం ఇంకా బతికే ఉంది. దొరికిన సొత్తు విలువ పది రూపాయలు దాటితే కలెక్టరుకు కబురు పెట్టాల్సిందే. దాచిపెడితే ఏడాది దాకా జైలు. అదృష్టం తలుపు తట్టిందని తీసేసరికి ఎదురుగా తాసీల్దారు!

పేకాట నేరమా, నైపుణ్యమా? సుప్రీంకోర్టు ఈ చిక్కుముడి విప్పింది మన సికిందరాబాద్‌లోని ఒక క్లబ్బు కేసులోనే! 1967లో తీర్పు: రమ్మీలో ప్రధానంగా నైపుణ్యం ఉంది, మూడు ముక్కలాటలో ఉన్నది ఉత్త అదృష్టం. పదమూడు ముక్కలు గుర్తుపెట్టుకుని పేర్చడం తెలివేనట. ఇన్నాళ్లూ ఇంట్లో తిట్లు తిన్న బాబాయిలకు ఎంత ఊరట!

ఆ ఊరట నిలిచిందా? ఆన్‌లైన్ రమ్మీని తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో నిషేధించాయి. డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలన్నిటికీ 2025లో పార్లమెంటే తలుపు మూసింది. ముక్కలు అవే, చేతిలోకి ఫోను రాగానే నీతి లెక్క మారిపోయింది. కొంపలు కూలుతుంటే చట్టం ఊరుకుంటుందా మరి!

సీసా చుట్టూ చట్టం

ఒక పాఠం ప్రభుత్వాన్నే కదిలించిందని మీకు తెలుసా? నెల్లూరు జిల్లా దూబగుంటలో ఆడవాళ్లు రాత్రి బడిలో అక్షరాలు దిద్దుతూ సీతమ్మ కథ చదివారు. తాగుబోతు మొగుడి కథ అది. చదివి ఊరుకోలేదు, సారా కొట్టు మూయించారు! 1992లో రగిలిన ఆ నిప్పు రాష్ట్రమంతా పాకింది. 1993 అక్టోబరు 1న సారా బంద్. ఓనమాలకు ఎంత బలం!

1995 జనవరి 16 నుంచి ఎన్టీఆర్ ప్రభుత్వం సంపూర్ణ మద్యనిషేధం పెట్టింది. ఎన్నాళ్లు నిలిచింది? 1997లో ఎత్తేశారు! ఉద్యమం మొదలుపెట్టింది అమ్మలు, నిషేధం పెట్టింది ప్రభుత్వం, ఎత్తేసిందీ ప్రభుత్వమే. అమ్మల మాట మాత్రం ఇప్పటికీ అదే!

అమెరికాలో 1920 నుంచి 1933 దాకా మద్యనిషేధం. అప్పుడు కూడా తాగడం నేరం కాదని మీకు తెలుసా? తయారీ, అమ్మకం, రవాణా మాత్రమే నేరం. స్థితిమంతులు ముందే కొని ఇంట్లో నింపుకున్నారు. దాహానికీ ముందుచూపు!

ఆ రోజుల్లో డాక్టరు చీటీ ఉంటే విస్కీ మందుగా దొరికేది! న్యూయార్క్‌లో కారు గుద్దుకున్న చర్చిల్ 1932లో భోజనాల వేళ మద్యం అవసరమని డాక్టరుతో రాయించుకున్నారు. కనీసం 250 మిల్లీలీటర్లట. కనీసం! గరిష్ఠం ఎంతో ఆ చీటీలో లేదు.

చికాగోను గడగడలాడించిన ముఠా నాయకుడు ఆల్ కపోన్ చివరికి ఏ నేరానికి దొరికాడో ఊహించండి. హత్యకా? కాదు. దొంగసారాకా? కాదు. ఆదాయపు పన్ను ఎగ్గొట్టినందుకు! 1931లో 11 ఏళ్ల శిక్ష. తుపాకులు చేయలేని పని పద్దుపుస్తకం చేసింది.

చట్టం ముందు, జనం వెనక

వితంతువులు మళ్లీ పెళ్లి చేసుకోవచ్చని చట్టం వచ్చింది 1856లో. రాజమహేంద్రవరంలో కందుకూరి వీరేశలింగం తొలి వితంతు వివాహం జరిపించింది ఎప్పుడో తెలుసా? 1881 డిసెంబరు 11న! చట్టం అనుమతించి పాతికేళ్లు. కాగితం మీది అక్షరం పెళ్లిపందిరి చేరడానికి పాతికేళ్లు పట్టిందన్నమాట!

ఇది వింటే ఒళ్లు గగుర్పొడుస్తుంది. విశాఖ జిల్లాలో మూడేళ్లలో జరిగిన కన్యాశుల్కం పెళ్లిళ్లను విజయనగరం మహారాజు ఆనందగజపతి లెక్క తీయించారు. తేలినవే 1,034! పెళ్లికూతుళ్లలో 99 మందికి ఐదేళ్లు. ముగ్గురికి ఒక్క ఏడాది! గురజాడ తన నాటకం ముందుమాటలో ఈ లెక్కలు అచ్చువేశారు. ఉయ్యాలలో ఉన్న పాపకు బేరం!

పిల్లకు డబ్బిచ్చే రోజులు పోయి పిల్లాడికి డబ్బిచ్చే రోజులొచ్చాయి. కేంద్రం 1961లో వరకట్న నిషేధ చట్టం చేసింది. అంతకంటే ముందే, 1958లోనే, ఆంధ్రప్రదేశ్ సొంతంగా చట్టం చేసుకుందని మీకు తెలుసా? కట్నం తీసుకోవడమే కాదు, ఇవ్వడమూ నేరమే. ఇద్దరూ నేరస్తులే, ఇద్దరూ పెళ్లిలో దర్జాగా ముందు వరసలోనే!

2022లో దేశంలో నమోదైన వరకట్న మరణాలు ఎన్నో తెలుసా? 6,450. రోజుకు సగటున 17 మందికి పైగా ఆడబిడ్డలు! ఈ ఒక్క అంకె దగ్గర నవ్వు లేదు. చట్టం వచ్చి అరవై ఏళ్లు దాటినా 'లాంఛనాలెంత?' అని అడగడానికి ఊళ్లో ఎవరికీ సిగ్గేయకపోతే పోలీసులు మాత్రం ఏం చేస్తారు?

పడకగదిలో సెక్షన్లు

వ్యభిచార నేరానికి పాత సెక్షన్ 497 కింద ఐదేళ్ల దాకా జైలు. ఎవరికి? మగవాడికి మాత్రమే! ఆ స్త్రీ భర్త ఒప్పుకుని ఉంటే అసలు నేరమే కాదు. అంటే భార్య సొత్తు, భర్త యజమాని. 158 ఏళ్లు దేశం ఈ సెక్షన్‌ను మోసింది!

ఇంకా వినండి. 1985లో ఆ సెక్షన్ సబబేనని తీర్పిచ్చిన న్యాయమూర్తి వై.వి. చంద్రచూడ్. 2018 సెప్టెంబరు 27న దాన్ని కొట్టేసిన ఐదుగురిలో ఒకరు డి.వై. చంద్రచూడ్. ఇద్దరూ ఎవరు? తండ్రీకొడుకులు! ఒక తరం నీతిని మరో తరం తిరగరాయడమంటే ఇదే.

దానికి సరిగ్గా 21 రోజుల ముందు, సెప్టెంబరు 6న, సుప్రీంకోర్టు మరో గోడ కూల్చింది. వయసొచ్చిన ఇద్దరు ఇష్టపడి చేసే స్వలింగ సంపర్కం నేరం కాదంది. అంతకుముందు దానికి గరిష్ఠ శిక్ష యావజ్జీవం! 2009లో ఢిల్లీ హైకోర్టు నేరం కాదంది, 2013లో సుప్రీంకోర్టు నేరమేనంది, 2018లో మళ్లీ కాదంది. తొమ్మిదేళ్లలో అదే ప్రేమ మూడుసార్లు రంగు మారింది!

2007లో ఢిల్లీలో ఎయిడ్స్ అవగాహన సభ. వేదిక మీద హాలీవుడ్ నటుడు రిచర్డ్ గేర్ శిల్పాశెట్టిని ముద్దు పెట్టుకున్నారు. అశ్లీలమంటూ ఆయన మీదే కాదు, ఆమె మీదా కేసు! శిల్పాశెట్టికి ముంబయి కోర్టు విముక్తి ఎప్పుడిచ్చింది? 2022 జనవరిలో. ముద్దు క్షణంలో అయిపోయింది, కేసు దాదాపు పదిహేనేళ్లు!

పుస్తకాలకు సంకెళ్లు

తంజావూరు ఆస్థానంలో ముద్దుపళని రాసిన 'రాధికా సాంత్వనము'ను బెంగళూరు నాగరత్నమ్మ 1910లో వావిళ్ల వారి చేత అచ్చువేయించారు. బూతంటూ బ్రిటిష్ ప్రభుత్వం నిషేధించింది. ఎత్తేయించింది ఎవరో తెలుసా? టంగుటూరి ప్రకాశం పంతులు! తుపాకీకి గుండె చూపిన మనిషి శృంగార కావ్యానికీ అండగా నిలిచారు.

'లేడీ చాటర్లీస్ లవర్' నవల అశ్లీలం కాదని 1960లో లండన్ జూరీ తేల్చింది. మొదటి రోజే 2 లక్షల ప్రతులు అమ్ముడుపోయాయి! అదే నవల అమ్మినందుకు బొంబాయి పుస్తకాల దుకాణదారులకు 20 రూపాయల జరిమానా పడితే, 1964లో సుప్రీంకోర్టు అది సబబేనంది. రాసినవాడి దేశంలో సంబరం, మన దేశంలో జరిమానా!

అప్పుడు మన కోర్టు వాడిన కొలబద్ద ఏనాటిదో తెలుసా? 1868 నాటి ఇంగ్లీషు తీర్పుది! దాన్ని వదిలి, ఈ కాలపు సమాజ ప్రమాణాలతో చూడాలని సుప్రీంకోర్టు చెప్పింది 2014లో. 146 ఏళ్ల కిందటి కళ్లజోడు అప్పటిదాకా తీయలేదన్నమాట!

తీర్పు చెప్పిన జనం

1959లో బొంబాయిలో నౌకాదళ అధికారి నానావతి తన భార్య ప్రియుణ్ణి కాల్చి చంపాడు. జూరీ 8–1తో నిర్దోషి అంది! 25 పైసల 'బ్లిట్జ్' పత్రిక రెండు రూపాయలకు అమ్ముడుపోయింది. వీధుల్లో నానావతి పేరుతో బొమ్మ రివాల్వర్లు అమ్మారు. హైకోర్టు మాత్రం దోషి అని యావజ్జీవం వేసింది. 1964లో గవర్నరు విజయలక్ష్మీ పండిట్ క్షమాభిక్ష. 1973 నాటి కొత్త క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో జూరీ ఊసే లేదు! హత్య కన్నా పరువు పెద్దదని జనం చప్పట్లు కొట్టిన కేసు ఇది.

ఇంగ్లండులో 19వ శతాబ్దం మొదట్లో ఉరిశిక్ష పడే నేరాలు ఎన్నో తెలుసా? 200కు పైనే! 1723 నాటి చట్టం ప్రకారం, ముఖానికి నల్లరంగు పూసుకుని ఆయుధంతో జింకల అడవిలో తిరిగినా ఉరే. మసి పూసుకుంటే మెడకే చేటు!

మరి జనం ఏం చేశారు? ఇంట్లోంచి 40 షిల్లింగుల సొత్తు పోతే దొంగకు ఉరి. చిల్లర దొంగను చంపడానికి మనసొప్పని జూరీలు, పోయిన సొత్తు ఖరీదు 39 షిల్లింగులేనని తేల్చేసేవి. ఎంత సొత్తయినా 39! 1827లో హద్దును 100 షిల్లింగులకు పెంచారు. వెంటనే జూరీల లెక్కా మారింది: 99! ఒక్క షిల్లింగులో ఎన్ని ప్రాణాలు నిలిచాయో!

నాటకకర్త బెన్ జాన్సన్ 1598లో ఒక నటుణ్ణి చంపి కూడా ఉరి తప్పించుకున్నాడు. ఎలా? చదవడం వచ్చు కాబట్టి! బైబిలు వాక్యం చదివి చూపిస్తే ఉరి తప్పే వెసులుబాటు అప్పట్లో ఉండేది. బొటనవేలికి వాత పెట్టి వదిలేశారు. చదువుకోకపోతే చస్తావని పెద్దలన్న మాట అక్కడ అక్షరసత్యం!

పందికి ఉరి! ఫ్రాన్స్‌లోని సావిన్యీలో 1457లో ఒక పిల్లాణ్ణి చంపిన ఆడపందిని కోర్టులో విచారించి ఉరితీశారు. దాని ఆరు పిల్లలనూ బోనెక్కించారు. సాక్ష్యం లేదని వదిలేశారు. సంశయలాభం పందిపిల్లలకూ దక్కింది!

పాతకాలపు తూకం

దాదాపు 3,750 ఏళ్ల కిందటి బాబిలోనియా. హమ్మురాబి శాసనం ప్రకారం ఇల్లు కూలి యజమాని చస్తే కట్టిన మేస్త్రీకి మరణశిక్ష. యజమాని కొడుకు చస్తే? మేస్త్రీ కొడుకును చంపుతారు! చేసినవాడొకడు, పోయేవాడు ఇంకొకడు.

సామాన్యుడికి ఒక కార్షాపణం జరిమానా పడే తప్పు రాజు చేస్తే ఎంతో తెలుసా? మనుస్మృతి లెక్కలో వెయ్యి! కులాన్ని బట్టి శిక్షలు మార్చిన ఆ గ్రంథంలోనే ఈ మాటా ఉంది. పదవి పెరిగేకొద్దీ జరిమానా పెరగాలట. ఈ ఒక్క లెక్కను మళ్లీ తెస్తే ఖజానాలు నిండవూ!

ప్రభుత్వ సొమ్ము కాజేసే పద్ధతులు ఎన్ని? కౌటిల్యుడు అర్థశాస్త్రంలో లెక్కగట్టి మరీ 40 అన్నాడు! ఏసీబీ పుట్టడానికి ఎన్నో వందల ఏళ్ల ముందే జాబితా సిద్ధం.

పుట్టడమే నేరం

కొన్ని కులాల్లో పుడితే చాలు, నేరస్తులే అని చెప్పిన చట్టం ఉండేదని మీకు తెలుసా? 1871 నాటి నేరస్త తెగల చట్టం! 1911లో అది మద్రాసు ప్రెసిడెన్సీకీ వచ్చింది. బాపట్ల దగ్గరి స్టూవర్టుపురం అలా ఎరుకల కుటుంబాలను కాపలాలో ఉంచడానికి పుట్టిన ఊరే. హెరాల్డ్ స్టూవర్ట్ అనే తెల్ల అధికారి పేరు పెట్టారు. పసిబిడ్డ ఏ నేరం చేసిందో ఎవరూ చెప్పలేదు!

ఈ తెగలకు స్వాతంత్ర్యం ఎప్పుడొచ్చింది? 1947 ఆగస్టు 15 అంటే తప్పు! 1952 ఆగస్టు 31న. ఐదేళ్లు ఆలస్యం. చట్టం పోయింది గానీ 'ఆ ఊరా?' అనే చూపు పోవడానికి తరాలు పట్టింది. ఆ చూపు మీలో మిగిలుంటే ఇవాళే తీసేయండి!

బిచ్చమెత్తితే జైలా? ఢిల్లీలో అమలైన చట్టం ప్రకారం మొదటిసారి మూడేళ్ల దాకా, అలవాటైతే పదేళ్ల దాకా నిర్బంధం! 2018లో ఢిల్లీ హైకోర్టు దాన్ని కొట్టేసింది. కడుపు కాలడం నేరమైతే, అన్నం పెట్టనివాళ్లనేమనాలి?

జైలు గోడల వెనక

మన జైళ్లలో ఉన్నవాళ్లలో దోషులెందరు? 2022 చివరికి 5,73,220 మంది ఖైదీలు. వాళ్లలో 4,34,302 మంది విచారణ ఖైదీలే! ప్రతి నలుగురిలో ముగ్గురి నేరం ఇంకా తేలనే లేదు. ముందు జైలు, తర్వాత తీర్పు!

ఒక మంచి మాట. కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టంలో, తొలిసారి కేసులో ఇరుక్కున్నవాళ్లు గరిష్ఠ శిక్షలో మూడో వంతు కాలం విచారణ ఖైదులోనే గడిపేస్తే బాండుపై విడిచిపెట్టాలి. ఉరి, యావజ్జీవం పడే కేసులకు వర్తించదు. మీకు తెలిసినవాళ్లెవరైనా లోపల మగ్గుతున్నారా? ఈ ముక్క వాళ్ల లాయరు చెవిన వేయండి!

డబ్బులిచ్చి జైలుకెళ్లినవాళ్లున్నారా? ఉన్నారు, సంగారెడ్డిలో! 1796లో కట్టిన జైలును మ్యూజియం చేసి, 2016లో 500 రూపాయలకు 24 గంటలు ఖైదీగా ఉండే ఏర్పాటు చేశారు. ఖైదీ బట్టలు, జైలు కూడు, తాళం వేసిన గది. శిక్ష పడకుండానే శిక్ష!

జర్మనీలో జైలు నుంచి పారిపోవడం నేరం కాదని మీకు తెలుసా? స్వేచ్ఛ కోరడం మనిషి సహజ గుణమట! అయితే ఊచలు కోసినా, కాపలావాణ్ణి కొట్టినా కేసే. దొరికితే మిగతా శిక్షా అనుభవించాలి. ఏమీ పగలకుండా పారిపోవాలన్నమాట!

ఫిన్లాండ్‌లో జరిమానా సంపాదనను బట్టి. 50 కిలోమీటర్ల హద్దున్న చోట 75లో వెళ్లిన నోకియా అధికారికి 2002లో పడింది 1,16,000 యూరోలు! తర్వాత అప్పీలులో బాగా తగ్గించారు. కలవాడికీ లేనివాడికీ నొప్పి ఒకేలా ఉండాలన్న లెక్క బాగుంది కదా!

నెదర్లాండ్స్‌లో ఖైదీలు చాలక జైళ్లు ఖాళీ అయ్యాయి! 2015లో నార్వే తన ఖైదీలను అక్కడికి అద్దెకు పంపింది. 'గదులు ఖాళీ' అని జైలుకు బోర్డు పెట్టుకునే రోజు మనకూ రావాలి!

చెడ్డవాడే, నేరస్తుడు కాడు

కళ్లముందు ఒకడు మునిగిపోతుంటే గట్టున నిలబడి చూసినవాడు నేరస్తుడా? మన శిక్షాస్మృతి ముసాయిదా రాసిన మెకాలే 1837లోనే ఇలాంటి ప్రశ్నతో కుస్తీ పట్టాడు. అతడు చెడ్డవాడే గానీ చట్టం శిక్షించలేదని తేల్చాడు. బాధ్యత ఉన్నవాళ్ల సంగతి వేరు. ఊరకే చూసినవాడికి మన చట్టంలో నేటికీ శిక్ష లేదు!

ఫ్రాన్స్ అలా ఊరుకోలేదు. తనకు ముప్పు లేకుండా సాయం చేయగలిగి కూడా చేయకపోతే అక్కడ ఐదేళ్ల దాకా జైలు, 75,000 యూరోల దాకా జరిమానా. చూస్తూ నిలబడితే బోనులో నిలబడాలి!

మన దేశం వేరే దారి పట్టింది. రోడ్డు ప్రమాదంలో సాయం చేసినవాళ్లకు 2019 నాటి సవరణతో మోటారు వాహనాల చట్టమే అండ. పేరు చెప్పమని బలవంతపెట్టకూడదు, కేసులో ఇరికించకూడదు. తీవ్రంగా గాయపడ్డవారిని గంటలోపు ఆస్పత్రికి చేర్చినవారికి ఇప్పుడు 25,000 రూపాయల బహుమతి కూడా! 'మనకెందుకొచ్చిన పోలీసు గొడవ' అనే సాకు ఇక చెల్లదు. ఫోను తీసి వీడియో తీసే చేతులు ముందు 108కి కొట్టాలి, ఆ తర్వాత ఆ మనిషికి తోడుగా నిలబడాలి. ఈ పని చేయకపోతే ఏ కోర్టూ మిమ్మల్ని పిలవదు. చేస్తే ఒక ఇంట్లో దీపం ఆరకుండా ఉంటుంది. చేస్తారు కదూ?